వేలం ధరతో పాటు ఆ ఒక్క లెక్క కూడా వేయండి

సంపాదకులకు నమస్కారం.

ఏదైనా పెయింటింగ్ కోట్లకు అమ్ముడైందని మీ పత్రికలో వచ్చినప్పుడల్లా ఆ వార్తను చివరిదాకా చదువుతాను. ఎంత పలికింది, పాత రికార్డు ఎంత, వేలం ఎక్కడ జరిగింది, అన్నీ రాస్తారు. ఆ బొమ్మ వేసిన మనిషి ఎలా బతికారో మాత్రం ఉండదు. ఆ డబ్బులో ఆయనకో, ఆయన వారసులకో ఏమైనా అందిందా అన్నది అసలే ఉండదు.

వాసుదేవ్ గాయ్‌తోండే సంగతే చూడండి. ఆయన 1979లో వేసిన ఒక బొమ్మ 2013 డిసెంబర్‌లో ముంబయి వేలంలో 23 కోట్ల 70 లక్షలకు పోయింది. రెండేళ్ల తర్వాత ఇంకోటి 29 కోట్లు దాటింది. కానీ ఆయన 2001లోనే చనిపోయారు. నాగ్‌పూర్‌లో పుట్టి, ముంబయి జేజే ఆర్ట్ స్కూల్లో చదివి, 1971లో పద్మశ్రీ అందుకున్న ఆ మనిషి ఢిల్లీ నిజాముద్దీన్‌లో డాబా మీది గదిలో ఉంటూ ఏళ్ల తరబడి పని చేసుకున్నారు. ఏడాదికి ఐదారు కాన్వాసులకు మించి వేసేవారు కాదు. రోలర్‌తో రంగు పరిచేవారు. తడి రంగు మీద కాగితం ముక్కలు అద్ది లేపేవారు. కత్తితో గీకి, మళ్లీ పొర వేసేవారు. చూసేవాళ్లకు రంగు లోపలి నుంచి వెలుతురు వస్తున్నట్టు అనిపించేది ఆ పొరల వల్లే. 1984లో ప్రమాదం జరిగి మెడకు దెబ్బ తగిలితే, కొన్నేళ్లు పెద్ద కాన్వాసుల జోలికి పోలేక కాగితం మీద ఇంకుతో చిన్న బొమ్మలు వేశారు. 'రంగులు పూయడమేగా' అనేవాళ్లకు ఇదంతా ఎవరు చెప్పాలి? పత్రికలే కదా!

ఇక డబ్బు విషయం. మన కాపీరైట్ చట్టంలో 1994 సవరణతో 53ఏ సెక్షన్ చేరింది. చిత్రకారుడు వేసిన అసలు బొమ్మ పది వేల రూపాయలకు మించి మళ్లీ అమ్ముడైతే, ఆ ధరలో వేసినవారికి, వారు లేకపోతే వారసులకు వాటా రావాలి. కాపీరైట్ వేరేవాళ్లకు రాసిచ్చినా ఈ హక్కు పోదు. చిక్కల్లా ఒకటే. వాటా పది శాతం దాటకూడదని ఉంది గానీ కచ్చితంగా ఎంతో చట్టంలో లేదు, విడిగా నిర్ణయించాలి. బ్రిటన్‌లో 2006 నుంచి ఈ హక్కు ఉంది. అక్కడ ఏ ధరకు ఎంత శాతమో ముందే రాసి పెట్టారు. 4 శాతంతో మొదలై, ధర పెరిగేకొద్దీ తగ్గుతుంది. వసూలు చేసి పంచడానికి సంఘాలున్నాయి. ఫ్రాన్స్ అయితే ఇలాంటి చట్టం 1920లోనే తెచ్చింది.

గాయ్‌తోండే లాంటి నైరూప్య చిత్రకారులకు, అంటే రూపం లేని బొమ్మలు వేసేవారికి, ఇది మరీ అవసరం. పోర్ట్రెయిట్ వేసేవారికి అడిగి వేయించుకునేవాళ్లుంటారు. రూపం లేని బొమ్మకు ముందుగా ఆర్డర్ ఇచ్చేవాళ్లు తక్కువ. జనానికి అర్థం కావడానికే ఇరవై, ముప్ఫై ఏళ్లు పడుతుంది. ఈలోగా అద్దె కట్టాలి, రంగులు కొనాలి, కాబట్టి వచ్చిన ధరకు ఇచ్చేస్తారు. అసలు విలువ వచ్చేసరికి ఆ బొమ్మ నాలుగు చేతులు మారిపోయి ఉంటుంది.

అందుకే ఒక మనవి. ఈసారి వేలం వార్త రాసేటప్పుడు, అమ్మిన సంస్థను ఒక ప్రశ్న అడగమని మీ విలేకరికి చెప్పండి: మళ్లీ అమ్మినప్పుడు రావాల్సిన వాటా కింద చిత్రకారుడికి గానీ, కుటుంబానికి గానీ ఎంత ముట్టింది? జవాబు ఏదైనా సరే, ధర పక్కనే అచ్చు వేయండి. ఏమీ ముట్టకపోతే అదీ వేయండి.

ఇట్లు,
మీ పత్రిక పాఠకుడు