డిష్ చూసే దిక్కు మారకూడదు

సంపాదకులకు నమస్కారం.

డీటీహెచ్ కనెక్షన్లు ఏటికేడు తగ్గిపోతున్నాయని ఈ మధ్య మీ పత్రికలో వచ్చిన వార్త చదివాను. ఇరవై ఏళ్లుగా సూళ్లూరుపేటలో డిష్‌లు బిగించడం, రీఛార్జ్‌లు చేయడం, పాడైన బాక్సులు మార్చడం నా బతుకుదెరువు. అందుకే ఆ వార్తను రెండుసార్లు చదివాను. ఫోన్లు, ఓటీటీలు, నెల రుసుము లేని ఉచిత డిష్ అని మీరు రాసిన కారణాలు నిజమే. డబ్బు కట్టి చూసే డీటీహెచ్ కనెక్షన్లు 2021లో దాదాపు 7 కోట్లు ఉండేవి. టెలికాం, ప్రసారాల నియంత్రణ సంస్థ ట్రాయ్ లెక్క ప్రకారం 2025 మార్చి నాటికి అవి 5.7 కోట్లకు దిగాయి. అయితే ఆ లెక్క వెనక ఉన్న ఇంకో సంగతిని ఎవరూ పట్టించుకోవడం లేదు. ఈ వ్యాపారమంతా 35,786 కిలోమీటర్ల ఎత్తున ఉన్న ఒకటి రెండు ఉపగ్రహాల మీద నిలబడి ఉంది. అవి చెడిపోతే ఎక్కి బాగుచేసే మనిషి ఉండడు. చందాదారులు తగ్గుతున్న ఈ రోజుల్లో ఆ యంత్రాలకు ముందుముందు డబ్బు ఎవరు పెడతారన్నది నన్ను నిద్రపోనివ్వని ప్రశ్న.

2006 జులై 10 సాయంత్రం నేను మా వీధి చివర ఒక మేడ మీద దూరదర్శన్ వారి ఉచిత డీడీ డైరెక్ట్ ప్లస్ డిష్ బిగిస్తున్నాను. ఆ రోజు శ్రీహరికోటలోని షార్ నుంచి రాకెట్ వెళ్తుందని ఊరందరికీ తెలుసు. ప్రయోగం ఉందంటే మా ఊళ్లో మేడలన్నీ జనంతో నిండిపోతాయి. 5 గంటల 38 నిమిషాలకు జీఎస్ఎల్వీ-ఎఫ్02 లేచింది. నేను స్పానర్ పక్కన పెట్టి నిలబడ్డాను. అందులో ఉన్న ఇన్‌శాట్-4సీ బరువు 2,168 కిలోలు. అందులో చిన్న డిష్‌లకు అందే కేయూ బ్యాండ్ తరంగాల ట్రాన్స్‌పాండర్లు 12. కింది నుంచి పంపిన సంకేతాన్ని అందుకుని మళ్లీ మన ఇళ్ల మీదికి పంపేవి ఆ ట్రాన్స్‌పాండర్లే. ముఖ్యంగా డీటీహెచ్ కోసమే ఆ ఉపగ్రహాన్ని తయారు చేశారు. ప్రయోగ వేదిక మా ఊరికి 20 కిలోమీటర్లకు పైనే ఉంటుంది కాబట్టి శబ్దం మాకు నిమిషం ఆలస్యంగా చేరుతుంది. ఆ రోజు మంట వంకర తిరగడం చూశాం. అది ముక్కలై, తెల్లటి పొగ తీగలుగా సముద్రం వైపు జారిపోవడం చూశాం. సరిగ్గా అప్పుడే, రాకెట్ లేచినప్పటి ఉరుము మా మేడకు వచ్చి చేరింది. పిల్లలు అలవాటు కొద్దీ ఆ శబ్దానికి చప్పట్లు కొట్టారు. పెద్దవాళ్లెవరూ కొట్టలేదు.

రాకెట్ చుట్టూ ఉండే నాలుగు ద్రవ ఇంధన స్ట్రాప్-ఆన్ ఇంజన్లలో ఒకదానికి ఇంధనం సరిగా అందించాల్సిన రెగ్యులేటర్‌లో తయారీ లోపం ఉందని తర్వాత విచారణలో తేలింది. దాని బదులు తయారైన ఇన్‌శాట్-4సీఆర్ 2007 సెప్టెంబరు 2న వెళ్లింది. అంటే దాదాపు 14 నెలల ఆలస్యం. అదీ అనుకున్న ఎత్తుకు చేరలేదు. మిగతా దూరం ఉపగ్రహమే తన ఇంధనం ఖర్చుపెట్టుకుని ఎక్కింది. ఉపగ్రహం తన చోటు నుంచి జరిగిపోకుండా నిలబడేది ఆ ఇంధనంతోనే కాబట్టి, అది ఎంత ఉంటే ఆయుష్షు అంత. ఇదంతా ఇస్రోను తప్పుపట్టడానికి రాయడం లేదు. మా ఊరి పిల్లలు అక్కడ పనిచేస్తున్నారు, వాళ్ల కష్టం నాకు తెలుసు. ఈ వ్యాపారంలో పెట్టుబడి మొత్తం ఒక్క నిమిషంలో నీళ్లపాలు కావచ్చని కళ్లారా చూసిన వాడిని కాబట్టి రాస్తున్నాను.

ఆకాశంలో కుదురుగా నిలిచాక కూడా గండాలు పోవు. 2010 జులై 7న ఇన్‌శాట్-4బీకి సౌరఫలకాల నుంచి అందే విద్యుత్తులో లోపం వచ్చింది. ఉన్న ట్రాన్స్‌పాండర్లలో దాదాపు సగం ఆపేయాల్సి వచ్చింది. ఆ ఉపగ్రహం 2007 మార్చిలో వెళ్లినది, అప్పటికి మూడేళ్లు దాటిందంతే. దాని మీద నడుస్తున్న ఒక డీటీహెచ్ సంస్థ చానెళ్లను మలేషియా వారి మీశాట్-3కి మార్చుకుంది. మొదటిది 93.5 డిగ్రీల తూర్పు రేఖాంశం పైన ఉంటే, రెండోది 91.5 డిగ్రీల దగ్గర ఉంది. కాగితం మీద తేడా రెండు డిగ్రీలే. ఇంటి మీది డిష్‌కు మాత్రం అది వేరే ఊరు.

ఆ రోజుల్లో నేను, నా దగ్గర పనిచేసే ఇద్దరు కుర్రవాళ్లు తడ, దొరవారిసత్రం, నాయుడుపేట వైపు ఊళ్లన్నీ తిరిగాం. మా ప్రాంతంలో ఆ డిష్‌లు ఆగ్నేయం వైపు చూస్తుంటాయి. అంచును దక్షిణానికి రెండు వేళ్ల మేర కదిలిస్తే సరిపోతుంది. కానీ ఆ రెండు వేళ్లు కదలాలంటే మనిషి మేడ ఎక్కాలి. పులికాట్ ఉప్పుగాలికి నట్లు తుప్పు పట్టి స్పానర్‌కు లొంగేవి కావు. కిరోసిన్ గుడ్డ చుట్టి పది నిమిషాలు ఆగి తిప్పేవాళ్లం. కొన్ని విరిగిపోయేవి, అప్పుడు క్లాంపు మొత్తం మార్చాలి. పెంకుటింటి మీదైతే కాలు ఎక్కడ పెట్టాలో చూసుకోవాలి. చేతిలో సిగ్నల్ మీటర్ పట్టుకుని, కుడి చేత్తో డిష్‌ను వెంట్రుకవాసి తిప్పుతూ, కింద టీవీ ముందున్న వాళ్లను "వచ్చిందా?" అని అడుగుతూ రోజుకు ఎనిమిదో తొమ్మిదో ఇళ్లు చేసేవాళ్లం.

తడ దగ్గర ఒక పెద్దావిడ ఇల్లు నాకు బాగా గుర్తు. పింఛను డబ్బులో మిగిల్చి మూడు నెలలకు ఒకేసారి కట్టించుకుంది. "నాయనా, నేను కట్టింది మీ కంపెనీకి కదా, పైన చెడిపోయింది ఇంకెవరిదో అంటున్నావు. మరి రేపు ఇదీ చెడిపోతే ఎవరిని అడగాలి?" అంది. అమ్మా, అంత సులువుగా చెడిపోదు అన్నాను. అప్పటికే ఒకటి చెడిపోయింది కాబట్టే నేను ఆమె ఇంటి మీద ఉన్నాను. ఆమె అడిగిన దానికి ఇవాళ్టికీ నా దగ్గర సరైన సమాధానం లేదు.

వాన పడుతున్నప్పుడు బొమ్మ ఆగితే ఎందుకాగిందో నేను చెప్పగలను. మార్చిలో, సెప్టెంబరు చివరలో పగటిపూట కొద్ది నిమిషాలు సూర్యుడు ఉపగ్రహానికి సరిగ్గా వెనక్కి వచ్చి సంకేతం పోతే అదీ చెప్పగలను. రీఛార్జ్ చేసిన మనిషి తన డబ్బు ఏ ఉపగ్రహం మీద ఆధారపడి ఉందో, దాని వయసెంతో, దానికి తోడుగా మరొకటి ఉందో లేదో అడిగితే డీలరునైన నేనే చెప్పలేను. మాకూ ఎవరూ చెప్పరు.

ఇలా జరగక తప్పదని అనుకోనక్కర్లేదు. 83 డిగ్రీల తూర్పు చోటునే చూడండి. 2005 డిసెంబరులో వెళ్లిన ఇన్‌శాట్-4ఏ మీద టాటా స్కై (ఇప్పటి టాటా ప్లే) మొదలైంది. 2012లో జీశాట్-10ను అదే చోట నిలిపారు. 2022 జూన్‌లో ఫ్రెంచ్ గయానాలోని కౌరు నుంచి వెళ్లిన జీశాట్-24 కూడా అక్కడికే చేరింది. 4,180 కిలోల ఆ ఉపగ్రహంలోని 24 కేయూ బ్యాండ్ ట్రాన్స్‌పాండర్లనూ ప్రభుత్వ సంస్థ న్యూస్పేస్ ఇండియా ఒక్క టాటా ప్లేకే అద్దెకిచ్చింది. పైన ఉపగ్రహాలు మారాయి, కింద డిష్ కదల్లేదు. 2007లో నేను బిగించిన డిష్‌లు కొన్ని ఇప్పటికీ అదే దిక్కు చూస్తూ పనిచేస్తున్నాయి. పాతది అలసిపోకముందే కొత్తది అదే చిరునామాకు రావడమే ఇందులో కిటుకు. దానికి కావలసింది ముందుచూపు, డబ్బు.

డబ్బు దగ్గరే నా భయం. నా కొట్టుకు వచ్చే రైతు నెలకు రెండు మూడు వందలు కడతాడు. నాట్ల నెలలో మానేస్తాడు, సంక్రాంతికి మళ్లీ వేయించుకుంటాడు. ఉపగ్రహానికి ఆ వెసులుబాటు లేదు. తయారీకి ఏళ్లు పడుతుంది, ఎక్కితే పదిహేనేళ్లు ఉంటుంది, అద్దె మాత్రం ఏటా కట్టాలి. చూసే ఇళ్లు ఏడు కోట్లయినా నాలుగు కోట్లయినా ట్రాన్స్‌పాండర్ అద్దె తగ్గదు. విదేశీ ఉపగ్రహమైతే రూపాయి పడిపోయినప్పుడల్లా ఆ భారం ఇంకా పెరుగుతుంది. అంటే కంపెనీ పదిహేనేళ్లకు మాట ఇచ్చి, వినియోగదారు నుంచి ముప్పై రోజుల మాట తీసుకుంటోంది. పట్టణాల్లో ఫైబర్ వచ్చిన ఇళ్లు ముందు వెళ్లిపోతున్నాయి. చివరికి మిగిలేది కేబుల్ రాని, ఇంటర్నెట్ నిలవని మా పులికాట్ పల్లెల్లాంటివి. తర్వాతి ఉపగ్రహం ఖర్చు వాళ్ల మీదే పడుతుంది, లేదా అసలు తర్వాతి ఉపగ్రహమే రాదు.

మా అమ్మాయి బీకాం చదువుతోంది. అమెరికాలోని డీటీహెచ్ సంస్థ డిష్ నెట్‌వర్క్ తన వాటాదారులకు ఏటా ఇచ్చే నివేదికలో ఉపగ్రహాల గురించి పేజీలకు పేజీలు రాస్తుందని చెప్పి, కొంత నాకు చదివి వినిపించింది. ప్రయోగం విఫలం కావచ్చు, అనుకున్నదానికంటే ముందే ఆయుష్షు తీరవచ్చు, ప్రత్యామ్నాయం దొరక్కపోవచ్చు అని అందులో ఉంది. కక్ష్యలో ఉన్న ఉపగ్రహాలకు సాధారణంగా బీమా తీసుకోమని కూడా రాశారు. వాళ్లకు అనుభవం ఉంది. 2008 మార్చిలో ఆ సంస్థ కోసమే పంపిన ఏఎంసీ-14ను రష్యా రాకెట్ తప్పు కక్ష్యలో వదిలేసింది, అది టీవీకి పనికిరాకుండా పోయింది. బీమా ఉన్నా అది యంత్రం ధర ఇస్తుంది కానీ, విసిగి వెళ్లిపోయిన వీక్షకుణ్ని తిరిగి తీసుకురాదు. వాటాలు కొన్నవాడికి చెప్పే ఈ సంగతులు రీఛార్జ్ చేసేవాడికి ఎందుకు చెప్పరు? ఏడాది రీఛార్జ్ చేయించుకుంటే ఒక నెల ఉచితం అంటున్నారు. ఏడాది డబ్బు ముందే ఇచ్చే మనిషికి తెలుసుకునే హక్కు లేదా?

అందుకే మీ పత్రిక ద్వారా కంపెనీలనూ ప్రభుత్వాన్నీ అడుగుతున్నాను. ప్రతి రీఛార్జ్ రసీదు మీద ఉపగ్రహం పేరు, దాన్ని ప్రయోగించిన సంవత్సరం, అది చెడిపోతే చానెళ్లు ఎక్కడి నుంచి వస్తాయన్నది రెండు వాక్యాల్లో ముద్రించాలి. రెండోది, 2020 డిసెంబరులో నిబంధనలు మార్చినప్పుడు డీటీహెచ్ సంస్థల లైసెన్సు రుసుమును రాబడిలో 8 శాతంగా పెట్టారు. దాన్ని 3 శాతానికి తగ్గించి, తర్వాత పూర్తిగా తీసేయాలని ట్రాయ్ 2023లో సిఫారసు చేసింది. తగ్గించండి, నాకు అభ్యంతరం లేదు. కానీ అలా మిగిలే డబ్బులో కొంత, అదే చోట నిలిచే తోడు ఉపగ్రహానికి కట్టి తీరాలని షరతు పెట్టండి. ఊరికే వదిలేస్తే అది ప్రకటనలకూ ఉచిత బాక్సులకూ పోతుంది.

నాలుగు సంస్థలు అవే తెలుగు చానెళ్లను వేర్వేరు చోట్ల నుంచి విడివిడిగా పంపుతున్నాయి. సదుపాయాలు కలిసి వాడుకోవడానికి 2020 నిబంధనల్లోనే వీలు కల్పించారు. అందరినీ ఒకే ఉపగ్రహం ఎక్కించమని నేను అనను, అది మునిగితే అందరూ మునుగుతారు. రెండు చోట్లు చాలు, ఒక్కో చోట రెండేసి ఉపగ్రహాలు ఉంటే అద్దె పంచుకోవచ్చు. దానికోసం కోట్ల డిష్‌లను మళ్లీ ఒకసారి తిప్పాల్సి వస్తుంది. ఆ కష్టం ఎలాంటిదో నాకు తెలుసు. యాభై దాటినా, చెడిపోయాక పరుగెత్తే బదులు ముందే చెప్పి, పనికి కూలి కట్టి చేయిస్తామంటే మొదట నిచ్చెన ఎక్కేది నేనే. టాటా ప్లే, ఎయిర్‌టెల్ డిజిటల్ టీవీ ఒకటయ్యే చర్చలు 2025 మేలో ఆగిపోయాయి. కంపెనీలు కలవకపోయినా ఉపగ్రహం కలిసి వాడుకోవచ్చు కదా.

రసీదు మీద ముద్రించే రోజు వచ్చేదాకా నేను చేయగలిగింది చేస్తున్నాను. ఈ ఏడాది ఉగాది నుంచి బిగించిన ప్రతి డిష్ వెనక తెల్ల పెయింటుతో ఉపగ్రహం పేరు, డిగ్రీలు, అది వెళ్లిన సంవత్సరం రాసి, ఇంటివాళ్లకు చూపించి దిగుతున్నాను.

ఇట్లు,
ఒక డీటీహెచ్ డీలరు,
సూళ్లూరుపేట