మామూలు తరగతిని ఎప్పుడు చూపిస్తారు?

సంపాదకులకు నమస్కారం.

ఉపాధ్యాయ శిక్షణల్లో చూపించే వీడియోలు ఎన్నో చూశాను. ముప్పై ఏళ్లు పాఠాలు చెప్పిన నాకు వాటిలో నా తరగతి ఒక్కసారీ కనబడలేదు. ఆ వీడియోల్లో అందరూ చేతులెత్తుతారు, అందరికీ జవాబు వచ్చు. ముందురోజు రిహార్సల్ చేయించారని చూడగానే తెలిసిపోతుంది. చివరి వరసలో గోడకు ఆనుకుని నోట్‌బుక్కులో పిచ్చిగీతలు గీసుకునే పిల్లవాడు ఏడీ?

అలాంటి పిల్లల్ని జపాన్‌లో 1954లోనే చూపించారు. టీచర్ల కోసం అక్కడి విద్యాశాఖ తీయించిన సినిమా అది. ఇవానామి అనే సినిమా సంస్థలో పనిచేసే సుసుము హాని అనే పాతికేళ్ల దర్శకుడు బాలనటుల ఆలోచన మానేసి, నిజమైన రెండో తరగతిలోకే కెమెరా పట్టుకెళ్లాడు. దాన్ని దాచలేదు కూడా. మొదట్లో పిల్లలు కెమెరానే చూశారు. కొన్నాళ్లకు అలవాటైపోయి తమ గొడవల్లో తాము పడ్డారు. అసలు సినిమా అక్కడే దొరికింది. పేరు కూడా 'తరగతి గదిలో పిల్లలు' అనే. రెండేళ్లకు బొమ్మలు గీసే పిల్లల మీద ఇంకొకటి తీశాడు. అందులో పిల్లలు నలుపు తెలుపుల్లో ఉంటారు, వాళ్ల బొమ్మలు మాత్రం రంగుల్లో!

అది యుద్ధంలో ఓడి తొమ్మిదేళ్లయిన దేశం. 1945లో అక్కడి టీచర్లు యుద్ధాన్ని పొగిడే పాఠాలను పిల్లల చేతే సిరాతో కొట్టేయించారు. 1947లో కొత్త విద్యా చట్టం వచ్చింది. అలాంటి రోజుల్లో బడిని గొప్పగా చూపించుకోవాలని ఏ ప్రభుత్వానికైనా అనిపిస్తుంది. ఈ సినిమా మాత్రం ఉన్నదున్నట్టు చూపింది.

మన రెండు రాష్ట్రాల విద్యాశాఖలకూ నా విన్నపం ఇదే. జిల్లాకో మామూలు ప్రభుత్వ బడిని తీసుకుని, తల్లిదండ్రుల అనుమతితో, కనీసం నెల రోజులు ఓపిగ్గా చిత్రీకరించండి. ఆ బడికి ముందుగా సున్నాలు వేయించకండి. ఒకే గదిలో ఐదు తరగతులు నడిపే టీచరమ్మనీ, భోజనం గంటకు ముందే మొదలయ్యే పళ్లాల చప్పుడునూ అలాగే ఉంచి, కొత్త టీచర్లకు శిక్షణ ఇచ్చే డైట్ కాలేజీల్లో చూపించండి. ఫోన్లో తీసి గ్రూపుల్లో పెట్టే రెండు నిమిషాల క్లిప్పు దీనికి సరిపోదు.

నా రెండో తరగతిలో ఒక అమ్మాయి ఏడాదంతా నోరు విప్పలేదు. చదువు రాదనుకున్నాను. నేను బోర్డు వైపు తిరిగినప్పుడల్లా పక్కపిల్లకు లెక్కలు చెప్పింది తనేనని ఆ అమ్మాయి మూడో తరగతికి వెళ్లాక తెలిసింది.

– ఒక విశ్రాంత ఉపాధ్యాయురాలు, ఒంగోలు