లిపి గురించి వాదించే ముందు ‘ఆ క్యూ’ కథ చదవండి

సంపాదకుడు గారికి,

తెలుగును ఇంగ్లీషు అక్షరాలతో రాస్తే కొంపలేం మునిగిపోతాయని ఒకరు, అలా రాయడమంటే కన్నతల్లిని వీధిలోకి గెంటడమేనని ఇంకొకరు కొంతకాలంగా మీ లేఖల శీర్షికలో వాదించుకుంటున్నారు. ఇద్దరూ కోపంగానే రాశారు, బాగానే రాశారు. కానీ ఫోన్లు వచ్చాక మనకు మాత్రమే వచ్చిపడిన తగవు అన్నట్టు మాట్లాడుతున్నారే, అదే నాకు మింగుడుపడలేదు. చైనాలో ఈ గొడవ వందేళ్ల కిందటే, ఇంతకంటే ఎంతో ఘాటుగా జరిగింది. చైనా అక్షరాలను ఏకంగా రద్దు చేయాలని చియన్ షువాంతుంగ్ అనే భాషా పండితుడు 1918లో ‘కొత్త యువత’ పత్రికలో రాశాడు. చైనా రచయిత లూ షున్ తొలి ఆధునిక కథలు వచ్చింది కూడా ఆ పత్రికలోనే. పండితుల వాదాలు ఇప్పుడు పరిశోధకులకు కావాలి. కథలు మాత్రం అక్కడి బడిపిల్లలకు కూడా తెలుసు.

వాటిలో ‘కోంగ్ యీజీ’ 1919లో అచ్చయింది. చాలా చిన్న కథ. ఒక సారా దుకాణంలో కూలీలు నిలబడి తాగుతారు, పొడుగు అంగీల పెద్దమనుషులు లోపల కూర్చుని తాగుతారు. పొడుగు అంగీ వేసుకుని కూడా నిలబడి తాగేవాడు కోంగ్ యీజీ ఒక్కడే. చదివాడు గానీ సర్కారు కొలువుకు పెట్టే పరీక్ష గట్టెక్కలేదు. పుస్తకాలకు నకళ్లు రాసి బతుకుతూ, అప్పుడప్పుడూ ఆ పుస్తకాలనే ఎత్తుకుపోతాడు. అతని ఇంటిపేరు కోంగ్. పిల్లలు దిద్దుకునే పుస్తకంలో ఆ అక్షరం తర్వాత వచ్చే రెండక్షరాలనూ కలిపి జనం అతనికి పేరు పెట్టేశారు. ఒకనాడు సారా వెచ్చబెట్టే కుర్రవాణ్ణి పట్టుకుని, నంజుకునే సోంపు చిక్కుడు గింజల్లోని ‘సోంపు’ ఎలా రాస్తావో చెప్పమంటాడు. రేపు నువ్వే దుకాణం నడిపితే పద్దులు రాయడానికి పనికొస్తుందంటాడు. ఆ గింజలను యజమాని ఏనాడూ పద్దు రాయడని కుర్రవాడికి తెలుసు. అయినా విసుక్కుంటూ జవాబు చెబుతాడు. కోంగ్ పొంగిపోయి, పొడుగు గోళ్లతో బల్ల మీద తట్టి, ఆ అక్షరంలో ఒక ముక్కను నాలుగు విధాలుగా రాయవచ్చు తెలుసా అంటూ వేలు సారాలో ముంచుతాడు. కుర్రవాడు మూతి ముడుచుకుని వెళ్లిపోతాడు.

ఆ నాలుగు విధాలే అతని విద్య. వాటిని చూసి నవ్వాలో జాలిపడాలో లూ షున్ మనకు చెప్పడు. చివరికి పుస్తకాల దొంగతనానికి అతని కాళ్లు విరగ్గొడతారు.

ఇక లూ షున్‌దే మరో కథ ‘ఆ క్యూ’. కథానాయకుడి పేరూ అదే. ఇతనికి అక్షరం ముక్క రాదు. కథ మొదట్లోనే రచయిత ఒక చిక్కులో పడతాడు. ఈ మనిషి పేరును ఏ అక్షరంతో రాయాలో ఊళ్లో ఎవరికీ తెలియదు. దాంతో చేసేదిలేక పరాయి వర్ణమాలలోని ‘క్యూ’ను అరువు తెచ్చుకుంటాడు. చివర్లో, చేయని దొంగతనానికి మరణశిక్ష పడే ముందు, కాగితం మీద సంతకం చేయమని కుంచె చేతికిస్తారు. రాయడం రాదంటాడు. అయితే సున్నా చుట్టమంటారు. నేల మీద పరిచిన కాగితంపైకి వంగి, జనం నవ్వుతారేమోనన్న భయంతో, గుండ్రంగా చుట్టాలని ఒళ్లంతా కూడదీసుకుని గీస్తాడు. కొస కలిసేచోట కుంచె పక్కకు తన్నుతుంది, సున్నా కాస్తా పుచ్చగింజ ఆకారంలో వస్తుంది. ప్రాణం పోతున్నదని కాదు, సున్నా సరిగ్గా రాలేదని అతని బాధ! లిపి ఎవరి సొత్తు అన్న ప్రశ్నను దీనికంటే గట్టిగా అడిగిన సమావేశ తీర్మానమేదీ నేను చదవలేదు.

మీ లేఖకులు ఇద్దరూ గమనించాల్సిన సంగతి ఇంకొకటుంది. 1930లలో చైనీస్‌ను లాటిన్ లిపిలో రాయాలన్న ఉద్యమాన్ని లూ షున్ గట్టిగా సమర్థించాడు. అదే మనిషి బీజింగులో ఉన్న రోజుల్లో పాత శిలాశాసనాల నకళ్లు ఏరి ఏరి పోగుచేసుకున్నాడు. మన లేఖల్లో ఇలాంటి మనిషికి చోటే లేదు. అటో ఇటో తేల్చమంటాం.

మలేసియాలోని జొహోర్‌లో 1967లో పుట్టి తైవాన్‌లో స్థిరపడిన ఇంగ్ కిమ్ చ్యూ ఇదే ప్రశ్నను సముద్రం దాటించాడు. ‘చేప ఎముకలు’ అనే అతని కథలో, తైవాన్‌లో పాఠాలు చెప్పే ఒక మలేసియా చైనీయుడు రాత్రిళ్లు రహస్యంగా తాబేళ్లను చంపి, చిప్పలను కాల్చి, వాటిమీద మూడువేల ఏళ్ల నాటి షాంగ్ రాజవంశ కాలపు అక్షరాలు చెక్కుతాడు. చదువుతుంటే వెన్ను జలదరిస్తుంది. పుట్టిన దేశంలో పరాయివాడు, భాష పుట్టిన వైపు వస్తే అక్కడా పరాయివాడు. అందుకే అక్షరం పుట్టుక దాకా తవ్వుకుంటూ పోతాడు. భాషాభిమానం ముదిరితే ఎక్కడికి చేరుతుందో ఆ కథలో చూడవచ్చు. హాంకాంగ్ నవలాకారుడు తుంగ్ కైచ్యుంగ్ అయితే 2021లో ఏకంగా ‘హాంకాంగ్ అచ్చక్షరాల’ మీదే నవల రాశాడు. శామ్యూల్ డయ్యర్ అనే మిషనరీ మలయాలో మొదలుపెట్టి, పూర్తి చేయకుండానే 1843లో చనిపోతే, తర్వాత హాంకాంగ్‌లో పూర్తయిన సీసపు అక్షరాలవి. తన నగరం గుర్తింపును వెతకడానికి ఆయన జెండా దగ్గరికి కాక అచ్చు గిడ్డంగి దగ్గరికి వెళ్లాడు.

అసలు తగవు ఎలా తెగిందంటారా? తెగలేదు. 1956లో చైనా ప్రభుత్వం అక్షరాలను సులభం చేసింది, 1958లో పిన్‌యిన్ అనే రోమన్ పద్ధతిని ఆమోదించింది. హాంకాంగ్, తైవాన్ పాత రూపాలనే అట్టిపెట్టుకున్నాయి. ఇవాళ చైనాలో ఎక్కువమంది ఫోనులో రోమన్ అక్షరాలు కొడితే తెరమీద చైనా అక్షరాలు వస్తాయి. మనలో చాలామంది తెలుగు టైపు చేసేది కూడా అలాగే కదా. మీ లేఖకులిద్దరి కత్తులూ ఒకే ఒరలో ఇమిడిపోయాయన్నమాట. అయితే కలం పట్టుకుంటే అక్షరం గుర్తురావడం లేదన్న ఫిర్యాదు అక్కడ ఇప్పుడు మామూలైపోయింది.

మన వ్యావహారిక పోరాటమూ దాదాపు ఆ కాలానిదే. గిడుగు వారు కొట్లాడింది శైలి కోసం, లిపి జోలికి పోవాల్సిన అవసరం రాలేదు. కాబట్టి లిపి గురించి లోతుగా ఆలోచించే అలవాటు మనకు కాలేదని నా అనుమానం. ఆగస్టు 29న శాలువాలు కప్పుకుని ‘అజంత భాష’ అంటూ చప్పట్లు కొట్టుకుని ఇళ్లకు పోతున్నాం. ఇంగ్ కిమ్ చ్యూ కథల్లోని రబ్బరు తోటల దేశానికే మనవాళ్లూ కూలికి వెళ్లారు. అక్కడి ప్రభుత్వ ప్రాథమిక విద్య మలయ్, చైనీస్, తమిళ మాధ్యమాల్లో నడుస్తుంది. ఇంట్లో తెలుగు మాట్లాడుతూ ఆ బడుల్లో చదివిన పిల్లలకు మన అక్షరం ఏమవుతుందో నవలగా చదవాలని నాకు ఎంతో ఆశ. డాలస్‌లో, మెల్‌బోర్న్‌లో పెరుగుతున్న పిల్లల సంగతీ అంతే.

కాబట్టి నా విన్నపం ఇది. ఈ వాదానికి ఇంకా రెండు లేఖల జాగా ఇచ్చే బదులు, మీ ఆదివారం అనుబంధంలో ఈ చైనీస్ కథలను వేయండి. ఇంగ్లీషు మీదుగా కాకుండా నేరుగా చైనీస్ నుంచి చేయగల తెలుగువాళ్లను వెతికి, పారితోషికం ఇచ్చి చేయించండి. అనువాదకుడి పేరు కథ కింద చీమతలకాయంత కాకుండా పైన వేయండి. మన కథకులనూ లిపి మీద రాయమని అడగండి. ‘ఆ క్యూ’ పుట్టింది బీజింగులోని ఒక దినపత్రిక అనుబంధంలోనే, 1921 డిసెంబరు నుంచి విడతలుగా వచ్చింది. దాని సంపాదకుడు సున్ ఫుయువాన్ నవ్వు మొహంతో వచ్చి తరువాయి భాగం అడిగేవాడనీ, ఆయన ఊరెళ్లిన అదను చూసి ఆ క్యూను చంపేసి కథ ముగించాననీ లూ షున్ తర్వాత చెప్పుకున్నాడు. మీరు మాత్రం కథ పూర్తయ్యేదాకా ఊరెళ్లకండి.

ఇట్లు,
మీ పాఠకుడు,
తెనాలి