పొందూరు పనితనానికీ ఒక కెమెరా కావాలి

సంపాదకులకు,

అయ్యా,

తొలినాళ్ల సినిమాపై ఇటీవల మీ ఆదివారం అనుబంధంలో వచ్చిన వ్యాసం ఉత్తర ఐరోపాలోని చిన్న దేశమైన ఎస్టోనియా మొదటి చిత్ర దర్శకుడు యొహాన్నెస్ ప్యాసుకెను ఒక్క వాక్యంతో సరిపెట్టింది. చోటు చాలక అలా చేసి ఉండవచ్చు. అయితే ఆయన చేసిన పనిలో మా శ్రీకాకుళం జిల్లా వాళ్లు ముఖ్యంగా తెలుసుకోవలసిన భాగం అందులో రాలేదు. మా పొందూరు ఖద్దరు పనినీ అలాగే కెమెరాలో దాచుకోవాలని కోరుతూ ఈ ఉత్తరం రాస్తున్నాను.

ప్యాసుకె 1892లో టార్టు పట్టణంలో పుట్టారు. అప్పటికి ఎస్టోనియా రష్యా సామ్రాజ్యంలో భాగం. 1912లో రష్యన్ వైమానికుడు ఉతోచ్కిన్ టార్టు మీదుగా విమానం నడిపినప్పుడు ప్యాసుకె దాన్ని చిత్రించారు. ఎస్టోనియన్లు తమ సినిమా చరిత్రను అక్కడి నుంచే లెక్కిస్తారు. 1914లో ప్యార్ను ప్రాంతంలో ఎలుగుబంటి వేట పేరిట ఒక చిన్న కథాచిత్రం తీసి, అక్కడ పెత్తనం చలాయించే జర్మన్ దొరలకు చురకలు అంటించారు. ఆయన గురించి ఎవరు రాసినా చెప్పే సంగతులివే.

నా మటుకు నాకు వీటికంటే విలువైనదిగా తోచేది, టార్టులోని ఎస్టోనియా జాతీయ మ్యూజియం కోసం ఆయన చేసిన పని. 1909లో ఏర్పడిన ఆ మ్యూజియం పల్లెల్లోని పాత వస్తువులను సేకరించడంతో తృప్తి పడక, వాటిని వాడే మనుషులనూ వాళ్ల ఇళ్లనూ పనులనూ ఫొటోల్లోకి ఎక్కించాలనుకుంది. ఆ బాధ్యత మీద వేసుకున్న ప్యాసుకె, బరువైన కెమెరా, ఫిల్ముకు బదులు వాడే గాజు పలకలు మోసుకుంటూ, సహాయకుడు హర్రీ వోల్టర్‌తో కలిసి 1913లో ఊరూరా తిరిగారు. ఆగ్నేయ మూలన ఉండే సెతు ప్రజల జీవితం మీద ఆ ఏడే ఒక డాక్యుమెంటరీ కూడా తీశారు. రొమ్ము మీద పెద్ద వెండి పతకాలు ధరించే ఆ స్త్రీలు అప్పట్లో ఏ పట్టణ స్టూడియో కంటికీ ఆనేవారు కారేమో. కొద్ది సంవత్సరాల్లోనే ఆయన తీసిన ఫొటోలు వెయ్యి దాటాయి. 1915లో సైన్యంలోకి వెళ్లి, 1918 జనవరిలో నేటి బెలారస్‌లోని ఓర్షా దగ్గర రైలు ప్రమాదంలో మరణించేనాటికి ఆయనకు పాతికేళ్లే. ఎస్టోనియా స్వాతంత్ర్యం ప్రకటించుకున్నది ఆ తరువాతి నెల 24న. ఆయన పోయినా ఫొటోలు నిలిచాయి. వాటిని దాచడానికి ఒక సంస్థ ఉంది మరి. మన దగ్గర 1921లో తీసిన తొలి తెలుగు మూకీ చిత్రం ప్రతి నేడు ఎక్కడా లేదు.

ఇప్పుడు పొందూరు సంగతికి వస్తాను. అక్కడి సన్నఖద్దరు కోసం పత్తిని వాలుగ చేప దవడతో దువ్వుతారు. ఆ ఎముకకున్న సన్నని పళ్ల మధ్య పత్తిని లాగుతూ, నలకను వేలి కొసతో తీసివేసే తీరు రాసి చెప్పగలిగేది కాదు, చూడవలసినదే. దువ్వడం, ఏకడం, ఏకులు చుట్టడం, వడకడం ఎక్కువగా వయసు మళ్లిన ఆడవాళ్ల చేతుల్లోనే మిగిలాయి. ముఖ్య అతిథులు రాట్నం ముందు కూర్చుని దిగిన ఫొటోలకు మాత్రం కొదవ లేదు. సెల్‌ఫోన్ వీడియోలూ ఉన్నాయి. కానీ వాటిలో వడికే ఆమె ఎవరో, ఏ ఊరో, ఏ సంవత్సరమో ఉండదు. వెనుక ఎప్పుడూ సినిమా పాట ఉండడం వల్ల రాట్నం చప్పుడు కూడా వినపడదు.

జిల్లా యంత్రాంగం, ఎచ్చెర్లలోని అంబేద్కర్ విశ్వవిద్యాలయం కలిసి పొందూరు పనిని మొదటి నుంచి చివరి దాకా, మధ్యలో కోతలు పెట్టకుండా, పాటలు కలపకుండా చిత్రీకరించాలని కోరుతున్నాను. అదే ఊపులో తప్పెటగుళ్ల జానపద నృత్య బృందాలనూ చేపట్టవచ్చు గానీ, వయసు రీత్యా ముందు తొందరపడవలసింది ఖద్దరుకే. ప్రతి చిత్రానికీ పనిచేసేవారి అనుమతితో పేరు, ఊరు, తేదీ జతపరచి, ఒక ప్రతిని పొందూరులోనే అందరూ చూసేలా ఉంచాలి. చిత్రీకరణ రోజుల్లో వాళ్లు పోగొట్టుకునే కూలిని ముందుగానే చెల్లించాలి.

ఇట్లు,
ఒక విశ్రాంత ఉపాధ్యాయుడు,
శ్రీకాకుళం