కాటుకకొండల శాఖ మంత్రిగారికి బహిరంగ లేఖ

మంత్రిగారూ, నమస్కారం.

నేనెవరో మీకు తెలిసి ఉండదు. మీ లోకాన్ని గీసింది నేనే. మీ తలపాగా, మీ ముక్కుమీది కోపం, మీ శాఖ, అన్నీ నేను రాసినవే. అయినా నాలుగు అధ్యాయాలుగా మీరు నా మాట వినడం మానేశారు కాబట్టి ఇలా అందరి ముందూ రాయాల్సి వస్తోంది.

ముందు నా తప్పు ఒప్పేసుకుంటాను. కాటుకకొండల్ని నేను రెండు నిమిషాల్లో గీసేశాను. ఉత్తర రాజ్యం వాళ్లూ దక్షిణ రాజ్యం వాళ్లూ మూడో భాగం దాకా ఎదురుపడకూడదు, కథకు అది అవసరం, అందుకని పటం మధ్యలో ఈ అంచు నుంచి ఆ అంచు దాకా స్కేలు పెట్టినట్టు ఒక వరుస గీసి, దానిమీద ‘ఎవరూ దాటలేనివి’ అని రాసి పడుకున్నాను. అది కొండల వరుస కాదండీ, గోడ. ఇప్పుడు చదివేవాళ్లు ఒక్కో ప్రశ్నా వేస్తుంటే నాకు టెన్షన్, మీరేమో నిండు సభలో ‘కొండలన్నాక అలాగే ఉంటాయి’ అని కూర్చుంటారు.

అలా ఉండవు. వాన సంగతే చూడండి. మీ లోకంలో సముద్రం దక్షిణాన ఉంది, తడిగాలి అటు నుంచే వస్తుంది. గాలి కొండ ఎక్కేకొద్దీ చల్లబడుతుంది, చల్లబడితే అంత తేమను మోయలేదు, మోయలేనిదంతా ఇవతలి వాలు మీదే కురిపించేస్తుంది. అవతలికి దిగేసరికి అందులో మిగిలేది పెద్దగా ఉండదు. హిమాలయాలకు దక్షిణాన దట్టమైన అడవులుంటే ఉత్తరాన టిబెట్ అంత పొడిగా ఉండటానికి పెద్ద కారణం ఇదే. నేనేమో కాటుకకొండలకు రెండు పక్కలా ఒకే ఆకుపచ్చ పూసేశాను! ఉత్తరం నిజానికి ఎండిపోయి ఉండాలి. అక్కడి జనం పొలాలకన్నా మందలనే ఎక్కువ నమ్ముకోవాలి, బావి ఎవరిదైతే మాట వాడిదే కావాలి, పిల్లలు కొండ మీద మబ్బు చూసి అది ఇటు రాదని చిన్నప్పుడే నేర్చుకోవాలి. రెండు రాజ్యాల పగకు ఏదో పాత పెళ్లిలో జరిగిన అవమానం కారణమని రాశాను, ఇప్పుడు తలుచుకుంటే సిగ్గేస్తోంది. మబ్బుల్ని అవతలివాళ్లు ఆపేసుకుంటున్నారని ఉత్తరం నమ్మితే చాలదా?

‘ఇది మాయాలోకం, మీ లెక్కలు ఇక్కడ చెల్లవు’ అంటారని తెలుసు. మన పురాణాలు చెప్పినవాళ్లకన్నా పెద్ద మాయ నేను అల్లగలనా? వాళ్లు కొండలకు రెక్కలు కూడా పెట్టారు. కానీ వింధ్యుడు మేరువు మీద అసూయతో పెరిగిపోయి సూర్యుడి దారికి అడ్డంపడితే ఏమవుతుందో కూడా ఆలోచించారు. ఒక పక్క ఎండకు మాడిపోయింది, ఇంకో పక్క చీకటైపోయింది. చివరికి దేవతలు అగస్త్యుడి కాళ్లు పట్టుకుంటే, ఆయన వింధ్యను తలవంచమని, తాను తిరిగొచ్చేదాకా అలాగే ఉండమని చెప్పి దక్షిణానికి వెళ్లి మళ్లీ రాలేదు. కొండ కదిలితే అటూ ఇటూ ఉన్నవాళ్ల బతుకులు మారాలి, నేనడిగేది అంతే.

ఎత్తు గురించి రెండు ముక్కలు. గొప్పకు పోయి 30 కిలోమీటర్లని రాశాను, దాన్ని తగ్గించండి. ఎవరెస్టే 8,849 మీటర్లు. భూమిలాంటి లోకంలో 30 కిలోమీటర్ల కొండ ఉంటే, దాని కింది రాయి ఆ బరువుకే కుంగిపోతుంది. అంగారకుడి మీద ఒలింపస్ మోన్స్ అనే కొండ 20 కిలోమీటర్లు దాటిందంటే, అక్కడ గురుత్వాకర్షణ మన దాంట్లో 38 శాతమే కావడం ఒక పెద్ద కారణం.

ఇక నది. కొండల నడుమ పుట్టి, రెండుగా చీలి, రెండు సముద్రాల్లో కలుస్తుందని రాశాను. అమెరికాలో వయోమింగ్‌లోని ఒక కనుమ దగ్గర ఇలాంటిది ఉంది, ఒక పాయ పసిఫిక్ వైపు, ఇంకోటి అట్లాంటిక్ వైపు పోతాయి. కానీ అది చిన్న వాగు, మీ నదిలో యుద్ధనౌకలు తిరుగుతున్నాయి. చీల్చడం మానేసి, నదిని కొండలకన్నా పాతది చేద్దాం. సింధు, సట్లెజ్ అలాంటివే, హిమాలయాలు లేస్తుంటే అవి కోసుకుంటూ తమ దారిన తాము పారాయి. అలా కోసిన లోయ ఉంటే మనుషులు నడిచే దారి కూడా దొరుకుతుంది.

మీకు కోపం వచ్చేది ఇక్కడే. ‘ఎవరూ దాటలేనివి’ ఏమిటండీ? క్రీస్తుపూర్వం 218లోనే హానిబాల్ అనే సేనాని ఏనుగులతో సహా యూరప్‌లోని ఆల్ప్స్ కొండలు దాటాడు. హిమాలయాల్లో గద్దీ కాపరులు గొర్రెల మందలతో ఏటా కనుమలు దాటుతూనే ఉంటారు, దాన్ని సాహసమని కూడా అనుకోరు. దూరం నుంచి చూసేవాడికి కొండ అడ్డం, అక్కడే పుట్టినవాడికి అది ఊరు. నా పటంలో ఆ కొండల మీద ఒక్క ఇల్లు కూడా లేదు.

పటాన్ని అంత గట్టిగా నమ్మకండి. 1798లో జేమ్స్ రెన్నెల్ అనే ఇంగ్లీషు పటాలాయన పశ్చిమ ఆఫ్రికా పటంలో కాంగ్ పర్వతాలని ఒక పెద్ద వరుస గీశాడు. అక్కడ అలాంటి కొండలే లేవు. అయినా ఒకరిని చూసి ఒకరు దాదాపు తొంభై ఏళ్లు గీస్తూనే ఉన్నారు, 1880ల చివర్లో బింజె అనే ఫ్రెంచి అధికారి స్వయంగా వెళ్లి చూసి లేవని చెప్పేదాకా.

అది చదివాకే నాకు దారి దొరికింది. పటం మీది ఆ మాటను నేను చెరపను. అది నేను రాసిందని కాకుండా మీ శాఖ రాసిందని మారుస్తాను. కొండల వైపు ఎప్పుడూ వెళ్లని శాఖ, ఎవరో పాత గుమస్తా రాసిన మాటను ముద్ర మీద ముద్ర వేసి కాపాడుకుంటున్న శాఖ. మీ పాత్రకు కూడా అప్పుడే కాస్త పని ఉంటుంది, ఇప్పటిదాకా సభలో అరవడం తప్ప మీరు చేసిందేమీ లేదు.

ఐదో అధ్యాయంలో ఒక కాపరి అమ్మాయి మీ కచేరీకి వస్తుంది. గొర్రెపిల్ల తప్పిపోయిందని ఫిర్యాదు. ఆమె చెప్పులకు అంటుకున్న ఎర్రమట్టి ఉత్తరం వైపుది. భటుల్ని పిలవకండి, కాస్త కూర్చోమనండి.

ఇట్లు,
మిమ్మల్ని రాస్తున్న మనిషి