బండి ఆగితే చాలు, మా అప్పకి చెమటలు

సంపాదకులకు నమస్కారం.

మాది పలాస దగ్గర ఒక పల్లె. మా అప్ప, అంటే అక్క, పుట్టింటికి వచ్చేసి ఎనిమిది నెలలైంది. ఇక్కడ తనని పల్లెత్తు మాట అనేవాళ్లు లేరు. అయినా సాయంత్రం వీధిలో ఎవరి బండి ఆగినా చేతిలో పని అలాగే ఆగిపోతుంది, చెమటలు పట్టేస్తాయి. బండి స్టాండు వేసిన చప్పుడును బట్టి మనిషి తాగొచ్చాడా, కోపంగా ఉన్నాడా అని పదేళ్లు కనిపెట్టుకుని బతికింది మరి. ఏడేళ్ల నా మేనకోడలు అయితే ఇప్పటికీ ఆ చప్పుడు వినగానే టీవీ కట్టేసి, గుమ్మంలో చెప్పులు ఓ పక్కకి సర్దేస్తుంది. ఎవరూ చెప్పకుండానే.

అప్పని బావ కొట్టింది తక్కువే. తిట్లు, అనుమానం, కూలి డబ్బులు లాక్కోవడం, ఫోన్ లాక్కోవడం ఎక్కువ. అందుకే పెద్దమనుషుల్లో పెడితే "దెబ్బ ఏదమ్మా?" అన్నారు. తమ్ముడినై ఉండి నేను కూడా రెండుసార్లు సర్దిచెప్పి అప్పని బావ దగ్గరే దిగబెట్టి వచ్చాను. ఆ తప్పు నన్ను ఇప్పటికీ నిద్రపోనివ్వదు.

2005లో వచ్చిన గృహహింస చట్టం మాటలతో మనసును హింసించడాన్నీ, డబ్బుతో కట్టడి చేయడాన్నీ కూడా హింస అనే చెబుతోంది. ఆ సంగతి మా ఊళ్లో ఎవరికీ తెలీదు, నాకూ ఈ మధ్యే తెలిసింది. మహిళల హెల్ప్‌లైన్ 181కి, మానసిక సాయానికి 14416కి ఫోన్ చేయొచ్చంటారు, మంచిదే, కానీ ఫోనే భర్త జేబులో ఉన్న మనిషి ఎలా చేస్తుంది?

తలనొప్పి, కడుపులో మంట, నిద్ర లేదు అంటూ అప్ప ఎన్నేళ్లు ఆసుపత్రుల చుట్టూ తిరిగిందో. మాత్రలిచ్చి పంపేవారే గానీ ఇంట్లో ఎలా ఉందని ఒక్కరూ అడగలేదు. ఎప్పుడూ భయంతో కాచుకుని ఉండే మనిషికి ఒళ్లు కూడా పాడవుతుంది కదా. డాక్టర్లను, ఏఎన్ఎంలను, ఆశా కార్యకర్తలను నేను కోరేది ఒక్కటే, పక్కన భర్త, అత్త లేకుండా చూసి ఆ ఒక్క మాట అడగండి.

చివరికి అప్పని అలా అడిగింది ఒక నర్సమ్మ. బావని మందుల చీటీ ఇచ్చి బయటికి పంపించి అడిగిందట. ఆ నర్సమ్మ ఫోన్ నుంచే అప్ప నాకు ఫోన్ చేసింది.

— ఒక పాఠకుడు, శ్రీకాకుళం జిల్లా