మహిళా విభాగం వార్షిక నివేదిక – 2025

సభ్యులందరికీ నమస్కారం. కార్యదర్శిగా ఇది నా మొదటి నివేదిక. పదేళ్లు కబడ్డీ ఆడి, ఆ తర్వాత పద్దెనిమిదేళ్లు విజిల్ పట్టుకుని తిరిగినదాన్ని. ఆటల గురించి ఎక్కువ, మిగతావాటి గురించి తక్కువ రాస్తే ఏమీ అనుకోకండి.

సంక్రాంతికి ముగ్గుల పోటీ, ఉగాదికి పంచాంగ శ్రవణం, కార్తీకంలో వనభోజనాలు ఎప్పటిలాగే జరిగాయి. వనభోజనాల్లో రెండో పంక్తికి పులిహోర చాలలేదు. తప్పు మాదే. కాకపోతే పేర్లు ఇవ్వకుండా వచ్చినవాళ్లు కూడా కొంచెం ఆలోచించాలి. ఆదివారం తెలుగు తరగతులకు పిల్లలు తగ్గారు, టైము మార్చి చూస్తాం.

మార్చి 8న మహిళా దినోత్సవం సభలో ఈసారి ఉపన్యాసాలు పెట్టలేదు. క్రికెట్ మ్యాచ్ రెఫరీ జి.ఎస్. లక్ష్మి గారి గురించి మాట్లాడుకున్నాం. పుట్టింది రాజమండ్రిలో, పెరిగింది మన జంషెడ్‌పూర్‌లో. పదో తరగతి మార్కులు అంతంతమాత్రమైనా, 1986లో ఇక్కడి మహిళా కళాశాలలో స్పోర్ట్స్ కోటాలో సీటొచ్చింది. బీహార్‌కి (అప్పటికి మనమంతా బీహారే కదా), ఆంధ్రకి, రైల్వేస్‌కి ఆడారు. 1999 ఇంగ్లండ్ పర్యటన జట్టులో ఉన్నా మ్యాచ్ ఆడే అవకాశం రాలేదు. 2008–09లో దేశవాళీ మహిళల మ్యాచ్‌లకు రెఫరీ అయ్యారు. 2019 మేలో అంతర్జాతీయ క్రికెట్ మండలి (ఐసీసీ) రెఫరీల ప్యానెల్‌లో చేరిన మొదటి మహిళ, అదే డిసెంబర్‌లో షార్జాలో పురుషుల వన్డేకి రెఫరీగా ఉన్న మొదటి మహిళ కూడా ఆవిడే. మ్యాచ్ రెఫరీ మైదానంలో నిలబడి వేలెత్తరు. టాస్ చూడాలి, ఓవర్లు టైముకి పడుతున్నాయో లేదో చూడాలి, ఎవరైనా నోరు జారితే విచారించి శిక్ష వేయాలి, చివర్లో రిపోర్టు రాయాలి. సగం ఆట, సగం ఆఫీసు పని.

నవంబర్ 2న మహిళల క్రికెట్ ప్రపంచకప్ ఫైనల్‌ని హాల్లో పెద్ద తెర మీద చూశాం. ఆ టోర్నీ అంపైర్లూ రెఫరీలూ అందరూ ఆడవాళ్లే. నలుగురు రెఫరీల్లో లక్ష్మి గారు ఒకరు. కడప జిల్లా శ్రీచరణి బౌలింగ్‌కి వచ్చినప్పుడల్లా హాల్లో చెవులు చిల్లులు పడ్డాయి. దక్షిణాఫ్రికా మీద 52 పరుగుల తేడాతో గెలిచాం. రాత్రి ఆలస్యమైనా ఒక్కరూ కదల్లేదు, కుర్చీలు సర్దడానికి మాత్రం నలుగురే మిగిలారు.

డిసెంబర్‌లో మహిళల కబడ్డీ. ఆరు జట్లు వచ్చాయి. గ్రౌండ్ అనుమతి ముందురోజు సాయంత్రం గానీ చేతికి రాలేదు, ఆ టెన్షన్ చెప్పనక్కర్లేదు. మనిషి పొద్దున్నే వచ్చి మగవాళ్ల కొలతకి, 13 బై 10 మీటర్లకి గీతలు గీసేశాడు. చెరిపించి 12 బై 8కి మళ్లీ సున్నం వేయించాం.

ఫైనల్లో చివరి రెండు నిమిషాలు. కూతకెళ్లిన అమ్మాయి బోనస్ గీత దాటి చెయ్యెత్తింది, అంపైర్ పాయింటిచ్చింది. అవతల కోర్టులో ఐదుగురే ఉన్నారు. ఆరుగురు లేకపోతే బోనస్ ఉండదు. టెంట్ బిల్లు చేతిలో పట్టుకునే లేచి గీతదాకా వెళ్లిపోయాను. రెఫరీ నా దగ్గర నేర్చుకున్న పిల్లే, ఇరవై రెండేళ్లు ఉంటాయి. నావైపు తిరగకుండానే, "ఆంటీ, మీరిప్పుడు సెక్రటరీ. వెళ్లి కూర్చోండి" అంది. తర్వాత వేలితో ఒక్కొక్కరినీ లెక్కపెట్టి, స్కోరర్ దగ్గరికెళ్లి ఆ పాయింట్ కొట్టివేయించింది. ఒక్క పాయింట్ తేడాతో ఓడిన జట్టు మేనేజర్, అంటే మన కోశాధికారి గారి చెల్లెలు, నాకు ఫిర్యాదు రాసిచ్చింది. రెఫరీ రిపోర్టు జతచేసి కమిటీ ముందు పెట్టాను. నిర్ణయం మారలేదు. కోశాధికారి గారు ఆ చర్చప్పుడు తనంతట తానే బయట కూర్చున్నారు.

జమాఖర్చులు విడి కాగితంలో ఉన్నాయి. వచ్చే పోటీలకు ఇద్దరు స్కోరర్లు, రూల్స్ చదివే ఓపికున్న నలుగురు అమ్మాయిలు కావాలి. ఉగాదిలోపు పేర్లివ్వండి. వనభోజనాలకి కూడా.